ఇంటికో ఉద్యోగం: నిర్వాసితులకు చట్టం ఇచ్చిందెంత?

భూములు తీసుకునేటప్పుడు గ్రామసభలో ముందుగా వినిపించే మాట ‘ఇంటికో ఉద్యోగం’. ఆ మాట నమ్మి సంతకం పెట్టేసేవాళ్లున్నారు. అదంతా ఉత్తిదేనని అసలు అడగకుండా ఊరుకునేవాళ్లూ ఉన్నారు. ఇద్దరూ నష్టపోతున్నారు. 2014 జనవరి 1 నుంచి అమల్లో ఉన్న భూసేకరణ చట్టంలో ఏముందో తెలియకపోవడమే ఇందుకు కారణం.

అపోహ: భూమి పోతే సర్కారు కొలువు వచ్చి తీరుతుంది.

వాస్తవం: చట్టంలోని రెండో షెడ్యూలు కుటుంబానికి మూడు దారులు చూపింది. ప్రాజెక్టు వల్ల ఉద్యోగాలు వచ్చేచోట శిక్షణ ఇచ్చి ఇంట్లో కనీసం ఒకరికి పని. లేదా ఒకేసారి 5 లక్షల రూపాయలు. లేదా 20 ఏళ్లపాటు నెలకు కనీసం 2 వేలు, ధరల సూచీని బట్టి పెంచుతూ. ఆ పని పర్మినెంటు అని ఎక్కడా లేదు. జీతం కనీస వేతనానికి తగ్గకూడదని మాత్రమే ఉంది. గనికో ఫ్యాక్టరీకో భూమి పోతే మొదటి దారి గట్టిదే. జలాశయం కింద మునిగిన ఊరికి మాత్రం అక్కడ దొరికే కొలువులెన్ని? శ్రీశైలం ముంపు కుటుంబాలు నిర్వాసితులకు ఉద్యోగాలిస్తామన్న 1986 నాటి 98వ నంబరు జీవో చేతపట్టుకుని లష్కర్ (కాలువల కాపలా) పోస్టుల కోసం ఏళ్ల తరబడి తిరగాల్సి వచ్చింది.

అపోహ: ఉద్యోగం రాజ్యాంగ హక్కు, తరతరాలకూ వర్తిస్తుంది.

వాస్తవం: రూర్కెలా ఉక్కు కర్మాగారం నిర్వాసితుల కేసులో 1995లో సుప్రీంకోర్టు ఈ వాదనను ఒప్పుకోలేదు. అలాగని తలుపులు మూసుకుపోలేదు. ఒడిశాలోని సుందర్‌గఢ్‌లో బొగ్గు కోసం భూములు తీసుకుని ఏళ్లు గడిచినా పరిహారం ఇవ్వని కేసులో, 2010లో అదే న్యాయస్థానం నిర్వాసితుల పక్షాన నిలిచింది. పరిహారంతోపాటు పునరావాసం, ఉపాధి సంగతి కూడా తేల్చమంది. విశాఖ ఉక్కు నిర్వాసితుల కష్టం మరో రకం. వాళ్ల భూములు తీసుకున్న 1894 చట్టంలో పునరావాసం ఊసే లేదు. నిర్వాసితులుగా గుర్తిస్తూ చేతికిచ్చిన ఆర్‌-కార్డు నియామకాలు జరిగినప్పుడే పనికొస్తుంది. నియామకాలు ఆగితే కార్డు భద్రంగానే ఉంటుంది, మనిషి వయసే దాటిపోతుంది. వాళ్లకు జరిగింది అన్యాయమనే నా అభిప్రాయం.

అపోహ: పట్టా ఉన్నవాళ్లకే ప్యాకేజీ.

వాస్తవం: అన్నిటికంటే ఎక్కువ చేటు చేస్తున్న అపోహ ఇది. సెంటు భూమి లేకపోయినా, సేకరణకు ముందు మూడేళ్లుగా ఆ ప్రాంతంలో పనిచేస్తూ బతుకుతెరువు కోల్పోయే కౌలుదారు, కూలీ, చేతివృత్తులవారు కూడా చట్టం దృష్టిలో బాధిత కుటుంబాలే. తెలంగాణలో 2015 నాటి 123వ నంబరు జీవో కింద భూములు నేరుగా కొంటున్నప్పుడు, తమ గతేమిటని జహీరాబాద్ ప్రాంత కూలీలు కోర్టుకెక్కారు. 2016 ఆగస్టులో ఉమ్మడి హైకోర్టు సింగిల్ జడ్జి ఆ జీవోను కొట్టేశారు. తర్వాత అప్పీళ్లు, చట్ట సవరణలు నడిచాయి. అయినా కూలీ ప్రశ్నకు జవాబు చెప్పక తప్పని పరిస్థితి అప్పుడే వచ్చింది.

చిక్కల్లా రుజువుతోనే. నోటిమాట మీద మూడెకరాలు కౌలుకు చేసే రైతు సర్వే రోజున పక్క ఊరికి మిరపకాయల కోతకు వెళ్లాడనుకోండి. అడిగినవాళ్లకు పట్టాదారు పేరే చెబుతారు, అదే రాసుకుంటారు. రేషన్ కార్డు, ఉపాధి హామీ జాబ్‌కార్డు, ఓటరు జాబితా ప్రతి, ఏ కాగితమున్నా ఆ రోజు చేతిలో ఉండాలి.

అపోహ: ఆడపిల్లలు లెక్కలోకి రారు.

వాస్తవం: వస్తారు. ఆడైనా మగైనా, పెళ్లయినా కాకున్నా, మేజరైతే ప్రత్యేక కుటుంబమే. వితంతువులు, విడాకులు పొందినవారు, కుటుంబం వదిలేసిన మహిళలు కూడా అంతే.

అపోహ: డబ్బు ముందు తీసుకుని ఉద్యోగం సంగతి తర్వాత అడగొచ్చు.

వాస్తవం: ఎలా తీసుకున్నారన్నది ముఖ్యం. అభ్యంతరం తెలపకుండా పరిహారం తీసుకుంటే, వివాదాన్ని భూసేకరణ తగాదాలు తేల్చే అథారిటీకి పంపమని కలెక్టర్‌ను కోరే అవకాశం పోతుంది. కలెక్టర్ అవార్డు (పరిహార నిర్ణయం) ప్రకటించినప్పుడు మీరు అక్కడే ఉంటే అలా కోరడానికి గడువు ఆరు వారాలే. కాబట్టి ముసాయిదా పునరావాస జాబితాలో ఇంట్లో ప్రతి మేజరు పేరూ ఉందో లేదో చూసుకోండి. లేకపోతే బహిరంగ విచారణలోనే రాతపూర్వకంగా అడగండి. డబ్బు తీసుకుంటే ‘అభ్యంతరంతో తీసుకుంటున్నాను’ అని రాసి సంతకం చేయండి, దాని నకలు మీ దగ్గర ఉంచుకోండి.