ఆది జాకెట్టూ, అంగుళం గుడ్డా

కంచిలో నేసినా ధర్మవరంలో నేసినా పట్టుచీర యెవరి వొంటికైనా వొదుగుతుంది. కుచ్చిళ్ళు ఒకటి యెక్కువో తక్కువో పెట్టుకుంటే సరి. మధుపర్కాల సంగతి చెప్పనే అక్కరలేదు, వాటికి కుట్టే లేదు. పెళ్ళిపందిట్లో పేచీ పెట్టేదల్లా చీర చివర వచ్చే ముప్పాతిక మీటరు చిల్లర ముక్క, అదే జాకెట్టు గుడ్డ. చీరను మీటర్లలో కొంటాము, జాకెట్టును అంగుళాల్లో కుట్టిస్తాము. 1956లో మెట్రిక్ కొలతల చట్టం వచ్చినా దర్జీ నోట అంగుళం మాత్రం పోలేదు. పెళ్ళినాటి చిక్కంతా ఆ అంగుళంతోనే.

యీ చిక్కు మనబోటివారికి మరికాస్త యెక్కువ. జాకెట్టు కుట్టించేది వేలూరులోనో హోసూరులోనో, పెళ్ళి తిరుపతిలో. బరంపురంలో కుట్టించుకొని సింహాచలం వెళ్ళేవారూ వున్నారు. కుట్టినవాడు ఒక వూళ్ళో, విప్పవలసినవాడు మరొక వూళ్ళో! పైగా పెళ్ళికూతురు వుద్యోగం యింకెక్కడో. కొలతలకు ఆమె రాదు, ఆమె ఆది జాకెట్టు వస్తుంది. తమిళ దర్జీ దానిని అళవు జాకెట్టంటాడు, కన్నడిగుడు అళతె రవికె అంటాడు, మరాఠీవారికి అది మాపాచా బ్లౌజు. పేరేదైనా, అది యెన్నాళ్ళ క్రిందటిదో యెవరూ అడగరు. తొడిగి తొడిగి వదులైన నూలు జాకెట్టు కొలతకు లైనింగు వేసిన పట్టు జాకెట్టు కుట్టిస్తే, అది పట్టకపోవడంలో వింతేమున్నది?

పట్టలేదనగానే ముందుగా వినిపించే మాట, “పిల్ల కాస్త వొళ్ళు చేసిందే!” అని. యీ మాట మేము చాలా పెళ్ళిళ్ళలో విన్నాము. ముహూర్తానికి గంట ముందు, నగలు పెట్టుకొని, కాటుక చెదరకుండా కన్నీళ్ళు ఆపుకుంటూ నిలబడిన పిల్లకు అది యెంత గుచ్చుకుంటుందో అన్నవారికి తెలియదు. కొందరు తల్లులైతే వారం రోజుల ముందునుంచే రాత్రి అన్నం మాన్పిస్తారు. విప్పవలసింది కుట్టు గాని, పిల్ల కడుపు మాడ్చడమేమిటి?

ఆ కుట్టు సంగతి కొంచెం వివరంగా చెప్పుకోవాలి. జాకెట్టును లోపలివైపు తిప్పి, చేతి అంచునుంచి చంక మీదుగా నడుము దాకా వచ్చే ప్రక్క కుట్టును చూడండి. తెలిసిన దర్జీ అక్కడ ఒక్క వరుసతో వూరుకోడు, ప్రక్కప్రక్కన రెండు మూడు వరుసలు వేస్తాడు. వొంటికి దగ్గరగా వున్న వరుస విప్పితే తరువాతిది నిలుస్తుంది, జాకెట్టు వదులవుతుంది. వెనుక ముక్కకూ ముందు ముక్కకూ చెరొక అంగుళం గుడ్డ లోపల వదిలి వుంటే, అర్ధంగుళం చొప్పున విప్పినా ఒక్కొక్క ప్రక్క అంగుళం, మొత్తం చుట్టుకొలతలో రెండంగుళాలు కలిసివస్తుంది. చాలామందికి అది చాలు. పట్టు మీద సూది బెజ్జాలు పూర్తిగా మానవు గాని, అవి చంక క్రిందనే వుంటాయి గనుక యెవరూ చూడరు. కాబట్టి దర్జీని అడగవలసింది “బాగా కుట్టు నాయనా” అని కాదు, “లోపల అంగుళం వదులు, అంచు కత్తిరించవద్దు” అని. లైనింగు గుడ్డను ముందే నీళ్ళలో తడిపి ఆరబెట్టి యివ్వడం కూడా మరువరాదు.

మగ్గం పని జాకెట్టుకు మాత్రం వేరే లెక్క. పనివారు గుడ్డను చట్రానికి బిగించి, కొలత గీసి, పూసలూ జరీ కుట్టిన తరువాతనే దర్జీ కత్తెర పడుతుంది. ఆ పని గొలుసుకుట్టు, ఒకచోట తెగితే వరుసగా వూడివస్తుంది. మిషను సూది పూసమీద పడితే విరుగుతుంది. చంక దాకా పని నింపించుకొన్న జాకెట్టును పెళ్ళినాడు యే దర్జీ ముట్టుకోడు. అందుచేత ప్రక్క కుట్టుకు అంగుళం యివతలనే పని ఆపమని మగ్గం వారికి ముందే చెప్పాలి. వేలకు వేలు పోసి చేయించుకొని, పైటచాటున వుండే చోటంతా పూసలు నింపడం మాకైతే అర్థం కాలేదు.

లోపల గుడ్డే లేకపోతే? చీరలో బొడ్డు దగ్గర దోపుకొనే లోపలి కొస నుంచి నాలుగంగుళాలు కత్తిరిస్తే యెవరికీ తెలియదు. ఆ ముక్కను చంక క్రింద నిలువుగా అతకవచ్చు. కుడిప్రక్కను పైట కప్పుతుంది, యెడమప్రక్కన కొంచెం జాగ్రత్తగా కుట్టాలి. వీపున హుక్కులున్న జాకెట్టయితే మరీ సులువు, హుక్కుల పట్టీకి ఒక ముక్క చేర్చి కాజాలు జరిపితే, పైన పూలజడ వుండనే వున్నది.

అద్దం ముందు చేతులు దించుకొని నిలబడి “సరిపోయింది” అనుకోవడం చాలదు. పెళ్ళి నిలబడి చేసుకొనేది కాదు గదా! కనీసం పది రోజుల ముందు, ఆ రోజు లోపల తొడుక్కొనేవే తొడుక్కొని, వంకీ పెట్టుకొని, పీట మీద బాసింపట్టు వేసుకొని కూర్చోవాలి. జీలకర్ర బెల్లం పెట్టేటట్టు యెదుటివారి తలమీదికి చెయ్యి చాపాలి. తలంబ్రాలు పోసేటట్టు రెండు చేతులూ పైకెత్తాలి. చంక కుట్టు తెగేది సరిగా అక్కడనే, పదిమందీ నవ్వుతూ చూస్తున్నప్పుడు.

పెళ్ళికొడుకు పంచెకూ వుత్తరీయానికీ యీ బాధ లేదు. సాయంత్రపు విందుకు తొడిగే ప్యాంటుకైతే వెనుక నడికుట్టులో గుడ్డ వదలడం దర్జీలకు అలవాటే.

మన ముహూర్తాలు చాలావరకు రాత్రివేళవి, ఆ వేళకు దర్జీ దుకాణం తెరిచి వుండదు. జాకెట్టు రంగు దారం, రెండు సన్నసూదులు, నాలుగు హుక్కులు, చిన్న కత్తెర, డజను పిన్నీసులు ఒక డబ్బాలో వేసి కుట్టు తెలిసిన పిన్నిగారికో మేనత్తగారికో అప్పగించండి. ఆవిడ కళ్ళజోడు కూడా అందులోనే వుంటే మంచిది.