కిస్తీ కడుతున్నా అసలు కరగదేం?

భూమి తనఖా పెట్టి బ్యాంకులో దీర్ఘకాలిక అప్పు తెచ్చుకున్న రైతును అడగండి, ఏడాది కిస్తీ ఎంతో తడుముకోకుండా చెబుతాడు. వడ్డీ ఎంత శాతమో కూడా చెబుతాడు. అప్పు తీరేనాటికి మొత్తం ఎంత కట్టబోతున్నాడంటే మాత్రం చాలామంది దగ్గర జవాబు ఉండదు. సంతకాలు పెట్టేటప్పుడు ఆ అంకె ఎవరూ చెప్పరు, మనమూ అడగం. ట్రాక్టరు ఎప్పుడు ఇంటికొస్తుందన్న ధ్యాసే తప్ప అప్పుడు వేరే ధ్యాస ఉండదు గదా!

నాలుగేళ్లు కట్టాక ఒకరోజు బ్యాంకుకెళ్లి నిల్వ ఎంతుందో అడిగితే అప్పుడు తెలుస్తుంది సంగతి. "మేనేజరు గారూ, మూడు లక్షల డెబ్బై అయిదు వేలు కట్టాను గదండీ, ఇంకా మూడు లక్షల ముప్ఫై ఎనిమిది వేలు ఉందంటారేంటి? తెచ్చింది అయిదు లక్షలేగా!" అన్న మాట బ్యాంకు మెట్లెక్కిన ప్రతివాళ్లూ ఎప్పుడో ఒకప్పుడు వినే ఉంటారు. ఇందులో మోసమేమీ లేదు. లెక్కే అట్లా ఉంటుంది. ఆ లెక్క ముందే తెలిస్తే వేలు కాదు, లక్ష రూపాయల పైన మిగుల్చుకునే వీలుంది.

నూటికి రూపాయి వడ్డీ

ఊళ్లో వడ్డీని రూపాయల్లో చెప్పుకుంటాం. నూటికి నెలకు రూపాయి వడ్డీ అంటే బ్యాంకు భాషలో ఏడాదికి 12 శాతం. లెక్క తేలిగ్గా ఉంటుందని ఇక్కడ అదే తీసుకుందాం. అప్పు 5 లక్షలు, వడ్డీ 12 శాతం, తొమ్మిదేళ్లలో ఏడాదికో సమాన కిస్తీ. మీ అప్పు పెద్దదైనా చిన్నదైనా, వడ్డీ కాస్త అటూ ఇటూ అయినా నడక మాత్రం ఇదే.

ఈ అప్పుకు కిస్తీ 93,839 రూపాయలు వస్తుంది. తొమ్మిదేళ్లూ అదే అంకె. కానీ ఆ కిస్తీ లోపల వడ్డీ, అసలు పాళ్లు ఏటేటా మారిపోతుంటాయి. మిగిలి ఉన్న అసలు మీద ఏడాది వడ్డీ ముందు తీసుకుంటారు. అది పోగా మిగిలిందే అసలుకు జమ అవుతుంది. పైసలు వదిలేసి వేసిన లెక్క ఇది:

1వ కిస్తీ: వడ్డీ 60,000, అసలు 33,839, నిల్వ 4,66,161
2వ కిస్తీ: వడ్డీ 55,939, అసలు 37,900, నిల్వ 4,28,261
3వ కిస్తీ: వడ్డీ 51,391, అసలు 42,448, నిల్వ 3,85,813
4వ కిస్తీ: వడ్డీ 46,298, అసలు 47,541, నిల్వ 3,38,272
5వ కిస్తీ: వడ్డీ 40,593, అసలు 53,246, నిల్వ 2,85,026
6వ కిస్తీ: వడ్డీ 34,203, అసలు 59,636, నిల్వ 2,25,390
7వ కిస్తీ: వడ్డీ 27,047, అసలు 66,792, నిల్వ 1,58,598
8వ కిస్తీ: వడ్డీ 19,032, అసలు 74,807, నిల్వ 83,791
9వ కిస్తీ: వడ్డీ 10,055, అసలు 83,791, నిల్వ లేదు

మొత్తం కట్టింది 8,44,558. అందులో వడ్డీయే 3,44,558. మొదటి కిస్తీలో దాదాపు మూడింట రెండు వంతులు వడ్డీకే పోయింది. నాలుగో ఏట గానీ అసలు వాటా వడ్డీని దాటలేదు. పైన చెప్పిన రైతు నాలుగేళ్లలో కట్టిన 3,75,356 రూపాయల్లో 2,13,628 వడ్డీ కింద జమైంది. అసలు తగ్గింది 1,61,728 మాత్రమే.

ఒక మాట ఒప్పుకోవాలి. తొమ్మిదేళ్ల తర్వాత కట్టే రూపాయి, ఇవాళ్టి రూపాయి ఒకటి కాదు. డబ్బు విలువ తగ్గుతుంది గనక చివరి కిస్తీలు అంత బరువనిపించవని లెక్కలు తెలిసినవాళ్లు అంటారు. జీతం ఏటా పెరిగే ఉద్యోగి విషయంలో అది నిజం. మిర్చి, పత్తి ధర ఏటా పెరుగుతుందని రాసిచ్చేవాళ్లెవరు?

ఒక్క కిస్తీ తప్పితే...

అసలు దెబ్బ ఇక్కడుంది. మూడో ఏడు వర్షాలు లేక పంట పోయిందనుకోండి. కిస్తీ కట్టలేదు. "ఒక్కటే గదా, చివర్లో ఇంకో ఏడాది కడితే సరి" అనుకుంటారు. లెక్క అట్లా రాదు. రెండో కిస్తీ తర్వాత 4,28,261 ఉన్న నిల్వ, వడ్డీ కలిసి 4,79,652 అవుతుంది. నాలుగో ఏడు మామూలు కిస్తీ కట్టినా నిల్వ 4,43,371 దగ్గరే ఆగుతుంది. అంటే రెండో ఏడు ఎక్కడున్నారో ఇంకా అక్కడికి కూడా రాలేదు. తొమ్మిదో ఏడు గడిచేసరికి సున్నా కావలసిన చోట 1,85,226 బాకీ ఉంటుంది. అదే కిస్తీ కడుతూ పోతే పదో ఏడు 93,839, పదకొండో ఏడు 93,839, పన్నెండో ఏడు 37,418 కడితే గానీ తీరదు.

తప్పిన కిస్తీ 93,839. దాని బదులు చివర్లో కట్టింది 2,25,096. దాదాపు రెండున్నర కిస్తీలు! జరిమానా ఇందులో కలపలేదు. అదే కిస్తీ మూడో ఏడు కాకుండా ఎనిమిదో ఏడు తప్పితే అదనంగా పడేది 26,747 మాత్రమే. కాబట్టి ఏదో ఒక ఏడు చేతులెత్తేయాల్సిన పరిస్థితే వస్తే అది చివరి ఏళ్లలో రావాలి. మొదటి మూడు నాలుగేళ్లు కిస్తీ కోసం గొడ్డూ గోదా అమ్మైనా సరే నిలబడాలన్న పెద్దల పట్టుదల వెనక ఈ లెక్కే ఉంది, వాళ్లు కాగితం మీద వేసి ఉండకపోవచ్చు.

కరవు, తుఫాను వచ్చినప్పుడు బ్యాంకులు కిస్తీలు వెనక్కి జరుపుతాయి. అది ఊరటే, కాదనం. కానీ జరిపిన కాలానికి వడ్డీ నడుస్తూనే ఉంటుంది. 2020లో కరోనా సమయంలో ఆరు నెలల మారటోరియం ఇచ్చినప్పుడు చాలామంది వడ్డీ కూడా ఆగిపోయిందనుకున్నారు. ఆగలేదు. వాయిదా వేరు, రాయితీ వేరు.

రుణమాఫీ మీద ఆశ పెట్టుకోవడమూ దండగే. 2024లో తెలంగాణలో 2 లక్షల దాకా మాఫీ చేసింది పంట రుణాలనే. అట్లాగే 3 లక్షల దాకా సకాలంలో కడితే 4 శాతానికే పడే వడ్డీ కూడా పంట రుణానిదే. ట్రాక్టరుకో, పైపులైనుకో, ఇంటికో తెచ్చిన దీర్ఘకాలిక అప్పుకు ఆ రాయితీ వర్తించదు.

గుంటూరు చుట్టుపక్కల మిర్చి రైతులకు ఇంకో చిక్కుంది. యార్డుకు సరుకు ముమ్మరంగా వచ్చేది ఫిబ్రవరి నుంచి ఏప్రిల్ దాకా. ధర లేదని సరుకు ఏసీలో పెడతారు, ఈలోగా కిస్తీ గడువు దాటుతుంది. ఆరు నెలలు ఆలస్యమైతే 93,839 మీద వడ్డీ 5,630 రూపాయలు. క్వింటాలు 12,000 ధర పలికే సరుకైతే, నూటికి రూపాయి చొప్పున నెలకు 120 రూపాయలు పెరిగితే ఆ వడ్డీకి సరి. ఏసీ అద్దె, తూకంలో తరుగు దాని పైన. అంత పెరుగుతుందన్న నమ్మకం లేకపోతే కిస్తీకి సరిపడా బస్తాలు అమ్మేసి మిగతావి దాచుకోవడం మేలు. ఇక కమీషను వ్యాపారి దగ్గర రెండు రూపాయల వడ్డీకి తెచ్చి రూపాయి వడ్డీ కిస్తీ కట్టడం ఎంత నష్టమో చెప్పనక్కర్లేదు.

ముందు కట్టిన రూపాయికి బలమెక్కువ

ఇదే లెక్క మనకు అనుకూలంగా కూడా పనిచేస్తుంది. పంట బాగా పండి, మొదటి కిస్తీతో పాటు మరో 50,000 కట్టారనుకుందాం. తర్వాత మామూలు కిస్తీలే. అప్పు ఎనిమిదో ఏటే తీరిపోతుంది, అదీ 67,095 కడితే చాలు. తొమ్మిదో కిస్తీ మొత్తం ఎగిరిపోతుంది. మిగిలింది 1,20,590. పెట్టిన యాభై వేలు పోను 70,590 లాభం. అదే 50,000 ఏడో కిస్తీతో కడితే లాభం 12,720కి పడిపోతుంది.

అయితే ఇక్కడ ఒక మెలిక ఉంది. అదనంగా కట్టిన సొమ్మును కొన్నిచోట్ల వచ్చే ఏడాది కిస్తీకి ముందస్తుగా లెక్కేస్తారు. లేదా కాలం అట్లాగే ఉంచి కిస్తీ తగ్గిస్తారు. అట్లా చేస్తే మన లాభం చాలావరకు పోతుంది. "అసలుకు జమ చేయండి, కిస్తీ తగ్గించొద్దు, గడువు తగ్గించండి" అని కాగితం మీద రాసిచ్చి నకలు మీద స్టాంపు వేయించుకోవాలి. నోటిమాట పనికిరాదు.

ముందుగా కడితే రుసుము వేస్తారా అన్న అనుమానం సహజం. వడ్డీ రేటు మారుతుండే అప్పుల మీద వ్యక్తుల నుంచి అట్లాంటి రుసుము తీసుకోకూడదని రిజర్వు బ్యాంకు 2025 జులైలో ఆదేశాలిచ్చింది. 2026 జనవరి 1 నుంచి మంజూరైన, రెన్యువల్ అయిన అప్పులకు చాలా బ్యాంకుల్లో ఇది వర్తిస్తుంది. స్థిర వడ్డీ అప్పయితే మంజూరు పత్రంలో ఏం రాశారో చూసుకోండి.

గడువు పెంచితే చవకా?

"కిస్తీ బరువైతే గడువు పెంచుదాం లెండి" అంటారు. వినడానికి బాగుంటుంది. అదే 5 లక్షలు అయిదేళ్లలో తీర్చితే కిస్తీ 1,38,705, మొత్తం వడ్డీ 1,93,524. పదిహేనేళ్లకు పెడితే కిస్తీ 73,412, వడ్డీ 6,01,182. ట్రాక్టరుకు అంత గడువు ఇవ్వరు గానీ ఇంటి అప్పుకు ఇస్తారు. తొమ్మిదేళ్ల నుంచి పదిహేనేళ్లకు వెళ్తే కిస్తీలో తగ్గేది ఏటా ఇరవై వేలు, వడ్డీలో పెరిగేది రెండు లక్షల యాభై ఆరు వేలు. తెచ్చిన అసలు కంటే వడ్డీయే ఎక్కువైందన్నమాట. అట్లాగని అయిదేళ్ల గడువు పెట్టుకుని మూడో ఏట చతికిలపడితే ఇంకా నష్టం. చెడ్డ ఏడాదిలో కూడా కట్టగల కిస్తీ ఎంతో ముందు తేల్చుకుని, మంచి ఏడాదిలో అదనంగా అసలుకు కట్టడమే మా దృష్టిలో సరైన దారి. రెండు పంటలు తీసేవాళ్లు అర్ధ సంవత్సరం కిస్తీ అడగొచ్చు. ఆరు నెలలకు 6 శాతం చొప్పున 46,178 కిస్తీతో తొమ్మిదేళ్లకు 13,000 పైచిలుకు కలిసొస్తుంది.

ఫైనాన్సు కంపెనీలు చెప్పే 'ఫ్లాటు' వడ్డీ దగ్గర మాత్రం రెండు చేతులా జాగ్రత్త పడాలి. అసలు తగ్గుతున్నా మొదటి రోజు మొత్తం మీదే వడ్డీ వేసే పద్ధతి అది. 5 లక్షలకు 12 శాతం ఫ్లాటున అయిదేళ్లకు 3 లక్షల వడ్డీ, ఏటా 1,60,000 కిస్తీ. తగ్గే నిల్వ లెక్కన చూస్తే అది 18 శాతం వడ్డీ. రూపాయి వడ్డీ అని చెప్పి రూపాయిన్నర తీసుకున్నట్టు.

బ్యాంకు అప్పులోనూ చేతికొచ్చేది పూర్తి 5 లక్షలు కాదు. ప్రాసెసింగు ఫీజు, లాయరు ఒపీనియను, ఈసీ, తనఖా రిజిస్ట్రేషను, బీమా అన్నీ కలిసి 20,000 అయ్యాయనుకుంటే నిజమైన వడ్డీ 13 శాతం దాటుతుంది. ఈ ఖర్చులన్నీ కలిపిన వార్షిక రేటు, కిస్తీల పట్టిక ఉండే 'కీ ఫ్యాక్ట్స్ స్టేట్‌మెంట్' అనే కాగితాన్ని రిటైలు టర్మ్ రుణాలకు సంతకాల ముందే ఇవ్వాలని రిజర్వు బ్యాంకు నిబంధన. 2024 అక్టోబరు 1 నుంచి కొత్త అప్పులకు అమల్లో ఉంది. అప్పు తీసుకునేవారికి అర్థమయ్యే భాషలో ఉండాలని కూడా అందులో ఉంది. తెలుగులో కావాలని మొహమాటపడకుండా అడగండి. ఏ అప్పయినా సరే, కిస్తీల పట్టిక చూడకుండా వేలిముద్ర గానీ సంతకం గానీ పెట్టొద్దు. గడువు తప్పినందుకు వేసే జరిమానా మీద మళ్లీ వడ్డీ వేయకూడదన్న నిబంధన కూడా కొత్త అప్పులకు 2024 ఏప్రిల్ నుంచి ఉంది. స్టేట్‌మెంటు తీసుకున్నప్పుడు ఆ పద్దు విడిగా ఉందో లేదో చూసుకోవాలి.

అప్పు తీరిన రోజున నో డ్యూస్ కాగితం తీసుకుని ఇంటికొచ్చేస్తే పని అయిపోయినట్టు కాదు. తనఖా పెట్టిన అసలు దస్తావేజులు 30 రోజుల్లో వెనక్కి ఇవ్వాలి. బ్యాంకు వల్ల ఆలస్యమైతే రోజుకు 5,000 చొప్పున పరిహారం ఇవ్వాలని 2023 సెప్టెంబరులో రిజర్వు బ్యాంకు ఆదేశించింది. దస్తావేజులు చేతికొచ్చాక కొత్తగా ఈసీ తీయించి చూడండి. మీ సర్వే నంబరు మీద తనఖా ఇంకా కనిపిస్తుంటే, విడుదల దస్తావేజు నమోదు కాలేదన్నమాట. ఆ కాగితంతో మళ్లీ బ్యాంకుకే వెళ్లాలి.