ఆటను ఆపి చూపినవాడు

ఆటగాని కాలం మిక్కిలి స్వల్పమైనది. సంగీత విద్వాంసుడు డెబ్బది యేండ్ల వయస్సులోనైనా కచేరీ చేయగలడు. కవి కన్ను మూసేవరకు కావ్యం వ్రాయగలడు. ఆటగానికో, ముప్ఫయి దాటినవో లేదో మోకాళ్ళు ఎదురు తిరుగుతవి. ఊపిరి చాలదు. నిన్నటివరకు జేజేలు పలికిన జనం నేడు మరొక కుర్రవాని పేరు పలుకుతుంది. అటుపిమ్మట మిగిలిన నలుబది, యేబది యేండ్లు అతడేమి చేయవలె? పాత పతకాలను తుడుచుకుంటూ కూర్చోవలెనా? కెనడా దేశపు హోవీ మీకర్ జీవితం ఈ ప్రశ్నకు చక్కని సమాధానం. అతడు ఆడినది యెనిమిదేండ్లు. ఆ ఆటను గురించి మాట్లాడినది మూడు దశాబ్దాలు. ఆడిననాటికంటె మాట్లాడిననాడే దేశం అతనిని యెక్కువగా యెరిగినది.

అతని ఆట ఐస్ హాకీ. మన మైదానాలలోని హాకీకి అది దూరపు చుట్టం మాత్రమే. రెండువందల అడుగుల పొడవు, యెనుబదియైదు అడుగుల వెడల్పు గల మంచుపలక దాని రంగస్థలం. గోలుకీపరుతో కలిపి పక్షానికి ఆరుగురు. బూట్ల క్రింద ఉక్కు అలుగులు. బంతికి బదులు మూడంగుళాల అడ్డకొలత, ఒక అంగుళం మందం గల నల్లని రబ్బరు బిళ్ళ. దానిని పక్ అంటారు. గట్టిగా కొడితే అది గంటకు నూరు మైళ్ళకు మించిన వేగంతో దూసుకుపోతుంది. ఒక్కొక్క ఆటగాడు నిమిషమైనా నిండకుండానే అలసి తప్పుకుంటాడు. అతని స్థానంలో మరొకడు దూకుతాడు. ఇరువది నిమిషాల చొప్పున మూడు ఘట్టాలు, వాని నడుమ రెండు విరామాలు. ఆటలో విరామానికి విలువ యేమిటని అడుగవచ్చు. మీకర్ రెండవ జీవితమంతా ఆ విరామాలలోనే గడిచినది.

1923 నవంబరు 4వ తేదీన ఒంటారియో రాష్ట్రంలోని కిచెనర్ పట్టణంలో అతడు జన్మించినాడు. అందరు కుర్రవాళ్ళవలెనే చలికాలపు మంచుమీద పెరిగినాడు. ఇంతలో రెండవ ప్రపంచయుద్ధం వచ్చినది. సైన్యంలో చేరి ఇంగ్లండులో శిక్షణ పొందుతుండగా ఒక చేతిబాంబు అతని కాళ్ళ నడుమనే ప్రేలినది. తీవ్రమైన గాయాలు తగిలినవి. మళ్ళీ ఆట మాట తలపెట్టుటకే వీలులేదనిపించిన స్థితి అది. కాని ఆ కాళ్ళే కోలుకొన్నవి. ఆ కాళ్ళే మళ్ళీ మంచు త్రొక్కినవి. 1946లో టొరంటో మేపిల్ లీఫ్స్ జట్టు అతనిని తీసుకొన్నది.

ఆనాడు నేషనల్ హాకీ లీగులో ఉన్నవి ఆరే జట్లు. అందులో చోటు దొరుకుటే గొప్ప. మీకర్ మొదటి యేడే ఇరువదియేడు గోళ్ళు చేసినాడు. 1947 జనవరి 8న చికాగో జట్టుపై ఒక్క ఆటలోనే అయిదు గోళ్ళు అతని లెక్కలో చేరినవి. ఆ యేటి మేటి కొత్త ఆటగానికిచ్చే కాల్డర్ ట్రోఫీ అతనికే దక్కినది. అదే సంవత్సరం లీగులో తొలిసారి కాలుపెట్టిన మరొక కుర్రవాడు గార్డీ హౌ. అనంతరకాలంలో లోకం తలపై పెట్టుకొన్న ఆ మహా ఆటగాడు ఆనాడు మీకర్‌కు వెనుకబడినాడంటే ఈనాటివారికి వింతగానే తోస్తుంది.

1947, 1948, 1949, 1951 సంవత్సరాలలో మీకర్ ఉండగా టొరంటో జట్టు నాలుగుసార్లు స్టాన్లీ కప్పు గెలిచినది. వానిలో చివరిది మరపురానిది. మాంట్రియల్ జట్టుతో జరిగిన ఆ తుదిపోరులో అయిదు ఆటలూ అదనపు సమయానికి వెళ్ళినవి. ఏప్రిల్ 21న అయిదవ ఆటలో బిల్ బరిల్కో అనే యువకుడు గోలు కొట్టి కప్పు తెచ్చిపెట్టినాడు. ఆ గోలుకు చేయూత నిచ్చినవారుగా లెక్కలో చేరిన రెండు పేర్లలో ఒకటి హ్యారీ వాట్సన్‌ది, మరొకటి మీకర్‌ది. నాలుగు మాసాలు గడిచిన కొద్దిరోజులకే బరిల్కో ప్రయాణిస్తున్న చిన్న విమానం ఉత్తరారణ్యాలలో అదృశ్యమైనది. పదకొండేండ్లకు, 1962లో గాని దాని జాడ తెలియలేదు. కప్పు తెచ్చిన చేతులు కొద్ది నెలలకే కనుమరుగైనవి. ఆటగాని కీర్తి యెంత క్షణికమో ఇంతకంటె వేరే చెప్పవలసిన పనిలేదు.

ఆ 1951లోనే మీకర్ మరొక విచిత్రం చేసినాడు. వాటర్లూ సౌత్ నియోజకవర్గపు ఉపయెన్నికలో నిలిచి, ఇరువదియేడేండ్ల వయస్సులో కెనడా పార్లమెంటు సభ్యుడైనాడు. ఒక ప్రక్క శాసనసభ, ఒక ప్రక్క మంచుపలక. రెండు పడవలలో రెండు కాళ్ళు పెట్టి రెండేండ్లు నడిపినాడు. 1953లో మాత్రం తిరిగి పోటీ చేయలేదు. మరుసటి యేడు లీగు ఆట కూడా ముగిసినది. 346 ఆటలు, 83 గోళ్ళు, ఇది మొత్తం లెక్క.

తరువాత వచ్చినవి కష్టదినాలు. 1956-57లో తన పాతజట్టుకే శిక్షకుడైనాడు. జట్టు ఆరింటిలో అయిదవదిగా మిగిలినది. ఆపైన జనరల్ మేనేజరు పదవి నిచ్చినారు. కొత్త సీజను మొదలు కాకముందే ఆ పదవి ఊడినది. ముప్ఫయినాలుగేండ్లు నిండేసరికి వీరుడు, శాసనసభ్యుడు, శిక్షకుడు, మేనేజరు అన్నీ అయి, యేమీ కానివాడుగా మిగిలినాడు.

అప్పుడతడు దేశానికి తూర్పు అంచునున్న న్యూఫౌండ్‌లాండుకు తరలిపోయినాడు. కెనడాలో కలిసి అప్పటికి పదేండ్లయినా నిండని ద్వీపం అది. పెద్ద లీగుల వెలుగు అక్కడికి చేరదు. సెయింట్ జాన్స్ పట్టణంలో పిల్లలకు ఆట నేర్పుతూ, స్థానిక ప్రసారాలలో మాట్లాడుతూ అతడు గడిపిన యేండ్లు బయటివారి కంటికి అజ్ఞాతవాసం. నిజానికి అవి పాఠం కట్టుకొన్న యేండ్లు. ఆడేవానికి చేయి కదిపితే చాలు. నేర్పేవానికి ఆ చేయి యెందుకు అట్లు కదిలినదో చెప్పగల మాట కావలె. పిల్లల నడుమ ఆ మాట అతనికి దొరికినది.

కెనడాలో హాకీ ప్రసారానికి అప్పటికే ఘనమైన సంప్రదాయమున్నది. 1920ల నాటినుండి ఫాస్టర్ హ్యూవిట్ రేడియోలో ఆటను వర్ణించేవాడు. టొరంటో ఆటస్థలంలో మంచుకు యేబదియారు అడుగుల యెత్తున వ్రేలాడే చిన్నగదిలో కూర్చుండి అతడు పలికే పలుకులు, పొలాలమధ్య ఒంటరి ఇండ్లలో చలికి ముడుచుకొన్న కుటుంబాలకు ఆటను కళ్ళకు కట్టేవి. అది వర్ణన. 1952లో టెలివిజను వచ్చినది. కళ్ళకు కనబడుతున్నదానిని మళ్ళీ వర్ణించుట దేనికి? కనబడుతూ కూడా తెలియనిదానిని తెలుపువాడు కావలసివచ్చినాడు. అనగా వర్ణించేవాడు కాదు, వ్యాఖ్యాత.

1960ల చివర ‘హాకీ నైట్ ఇన్ కెనడా’ ప్రసారంలో మీకర్ ప్రవేశించినది ఇట్టి సమయంలో. అతని గొంతు ప్రసారానికి పనికివచ్చే గంభీరమైన గొంతు కాదు. సన్నగా, కీచుగా, ఉత్సాహం వచ్చినపుడు మరింత పైకి లేచేది. అబ్బురం కలిగితే బడిపిల్లవానివలె కేకలు వేసేవాడు. కాని విరామ సమయంలో ఆట దృశ్యాన్ని మళ్ళీ నడిపిస్తూ, “ఆపు! అక్కడే ఆపు! వెనక్కు త్రిప్పు!” అని అతడు అరిచేసరికి ఇంటింటా మాటలు ఆగిపోయేవి. దృశ్యంపైన గీతలు గీయగల టెలిస్ట్రేటరు అనే యంత్రాన్ని హాకీలో ముందుగా వాడినవారిలో అతడొకడు. గోలు కొట్టినవానిని అందరూ చూచినారు. అంతకు మూడుక్షణాల ముందు కాపుదారు యెటు చూచినాడు, కర్రను యెక్కడ పెట్టినాడు, యే రెండడుగులు వేయక మానినాడు, ఇవి అతడు చుట్టి చూపేవాడు. మెరుపును పట్టి పలకమీద దిద్దించినట్లుండేది.

మూలంలో లేనిది చెప్పను, అనవసరమైనది పలుకను అని మన మల్లినాథసూరి తన వ్యాఖ్యకు నియమం పెట్టుకొన్నాడు. తన ఆటకు మీకర్ చేసిన వ్యాఖ్య కూడా ఆ కోవలోనిదే. ఒకనాడు తానాడిన జట్టని మొగమాటపడలేదు. గొప్ప పేరని తప్పు కప్పలేదు. ఈ నిక్కచ్చితనం కొందరికి కంటగింపైనది. ఒడ్డున కూర్చున్నవానికి ఈత సులువని దెప్పవచ్చును. కాని దెప్పుటకు అతడు ఒడ్డునే పుట్టినవాడు కాడు గదా! ఓడి, పదవి పోగొట్టుకొని, లోతు తెలిసి వచ్చినవాడు.

అతని విమర్శ అసలు గురి ఆటగాళ్ళు కారు, వారిని తయారుచేసే పద్ధతి. పిల్లలకు స్కేటింగు రాకముందే పోటీలు పెట్టి, గెలుపు కోసం వారిని తరుముతున్నారని అతని ఫిర్యాదు. పోటీలో పిల్లవానికి పక్ తగిలేది కొద్ది క్షణాలు, అభ్యాసంలో గంటంతా. ఓనమాలు దిద్దక పద్యం వ్రాయించినట్లున్న ఈ చదువు యెన్నాళ్ళు నిలుస్తుంది? ఈ ప్రశ్నకు జవాబు 1972 సెప్టెంబరులో బయటివారి చేత వచ్చినది. సోవియట్ జట్టుతో యెనిమిది ఆటల పోటీ. సులభంగా గెలుస్తామనుకొన్న కెనడా, మాంట్రియల్‌లో మొదటి ఆటనే 7-3 తేడాతో ఓడినది. చివరి ఆటలో ముప్ఫయినాలుగు సెకండ్లు మిగిలియుండగా పాల్ హెండర్సన్ కొట్టిన గోలుతో పరువు దక్కినది. గెలుపు నాలుగు, ఓటమి మూడు, ఒకటి సమం. సోవియట్లు ఓనమాలు శ్రద్ధగా దిద్దినవారని దేశమంతా కళ్ళారా చూచినది.

మరుసటి యేడే, 1973లో, మీకర్ పిల్లలకోసం టెలివిజనులో ఒక హాకీ బడి పెట్టినాడు. పావుగంట పాఠాలు. 1977 వరకు సాగినవి. కాలికి సరిపడే స్కేట్లు యెన్నుకొనుట, మోకాలు వంచుట, తల యెత్తి పక్‌ను నడుపుట, ఇవే విషయాలు. చూడబోతే చిన్నవి. కాని ఆటంతా నిలిచేది వానిమీదనే.

1987లో పాత ప్రసారాన్ని వీడి మరొక సంస్థలో చేరి, 1998లో మైకు దించినాడు. అదే యేడు హాకీ హాల్ ఆఫ్ ఫేమ్ వారు ప్రసారకుల కిచ్చే పురస్కారం అతనికిచ్చినారు. ఆ పురస్కారం ఫాస్టర్ హ్యూవిట్ పేరిట వెలసినది. 2010లో ఆర్డర్ ఆఫ్ కెనడా లభించినది. 2020 నవంబరు 8న, తొంబదియేడవ పుట్టినరోజు గడిచిన నాలుగవనాడు, బ్రిటిష్ కొలంబియాలో కన్నుమూసినాడు.

ఇరువదియేడు గోళ్ళ లెక్క పుస్తకాలలో భద్రంగా ఉన్నది. దానిని చూచినవారిలో మిగిలినవారు యే కొద్దిమందో. కాని పెరటిలో గడ్డకట్టిన నీటిపైన మోకాలు వంచుట, తల యెత్తుట తన పిల్లవానికి నేర్పుతున్న యే తండ్రి అయినా, అది తనకెవరు నేర్పినారో జ్ఞాపకం చేసుకొంటే, ఒక సన్నని గొంతు “ఆపు, వెనక్కు త్రిప్పు” అని చెవిలో పలుకక మానదు.