మొగ్గ వేసి నిలిచిన అరుణ

కడప జిల్లాలో జమ్మలమడుగు, ప్రొద్దుటూరు, పులివెందుల ప్రాంతములందు తిరునాళ్ళకును సంతలకును పూర్వము దొమ్మరివారు వచ్చి ఆటలాడెడివారు. డోలు మ్రోగగనే జనము గుమిగూడెడిది. నడివీధిలో పొడవైన గడను నాటి, నలుదిక్కులకును త్రాళ్ళతో బిగించెడివారు. ఒక స్త్రీ దాని కొనకు ఎగబ్రాకి, గడకొనపై కడుపు ఆనించి, చేతులు చాచి, చక్రమువలె తిరిగెడిది. పిల్లలు నేలపై వరుసగా పిల్లిమొగ్గలు వేసెడివారు. జమ్మలమడుగునకు చేరువనున్న దొమ్మరనంద్యాల గ్రామము పేరులో ఆ మాట నేటికిని నిలిచియున్నది. ఆటను చూచి ఆనందించిన లోకమే ఆ కులనామమును తిట్టుగా వాడుటకు వెనుదీయలేదు. ఇది ఆ విద్యకు జరిగిన అన్యాయము.

దేహమును గాలిలోనికి ఎగురవేసి, త్రిప్పి, మరల నేలపై నిలుపు ఈ విద్యయే మరియొక రూపమున జిమ్నాస్టిక్స్ అను పేరుతో ప్రపంచమంతట వ్యాపించినది. 1928లో ఆంస్టర్‌డామ్ నగరమున జరిగిన ఒలింపిక్సునందు స్త్రీలకు ఈ క్రీడలో మొదటిసారిగా ప్రవేశము లభించెను. ఒకటి హెచ్చుగను ఒకటి తగ్గుగను అమర్చిన రెండు కమ్మీలపై ఊగుట, 10 సెంటీమీటర్ల వెడల్పు మాత్రమే గల దూలముపై నడచి మొగ్గలు వేయుట, 12 మీటర్ల చదరమైన ఫ్లోరుపై సంగీతమునకు అనుగుణముగ ఆడుట స్త్రీల పోటీలలోని అంగములు. నాలుగవది వాల్టు. హైదరాబాదు బాలిక బుద్దా అరుణారెడ్డికి లోకమున పేరు తెచ్చినది ఈ వాల్టే.

పులివెందులలోనో, మరి యే యూరిలోనో పాఠశాల మైదానమున స్త్రీల కబడ్డీ కోర్టులు రెండు పొడవుగా చేర్చి గీచినచో 24 మీటర్లగును. వాల్టు వేయువారు పరుగెత్తు బాట ఇంచుమించు అంతయే. అది 25 మీటర్లకు మించరాదు. బాట చివర ఒక స్ప్రింగు పలకయు, దానికావల 125 సెంటీమీటర్ల ఎత్తున మెత్తని పైపూత గల ఒక బల్లయు ఉండును. క్రీడాకారిణి శక్తికొలది పరుగెత్తివచ్చి, పలకపై రెండు పాదములు మోపి ఎగిరి, అరచేతులతో బల్లను నెట్టి, గాలిలో మొగ్గ వేసి, మెలిక తిరిగి, ఆవలి పరుపుపై పాదములతో నిలువవలెను. పరుగు మొదలుకొని నిలుచువరకు పది సెకనులైనను పట్టదు.

ఇందు కొలత తప్పినచో ఎంత ముప్పు వాటిల్లునో 2000లో సిడ్నీ ఒలింపిక్సు చూపినది. అప్పుడు బల్లకు బదులు గుఱ్ఱము అని పిలువబడు ఇరుకైన దిమ్మె వాడుకలో నుండెడిది. ఆ పోటీలో నిర్వాహకులు పొరపాటున దానిని 5 సెంటీమీటర్లు తక్కువ ఎత్తున అమర్చిరి. ప్రపంచములోని మేటి బాలికలు ఒకరి వెంట ఒకరు పట్టుదప్పి పడిపోవుచుండ, కొంతసేపటికి గాని లోపము బయటపడలేదు. మరుసటి సంవత్సరమునుండి గుఱ్ఱమునకు బదులు నేటి వెడల్పైన బల్ల వచ్చినది. అదే సిడ్నీలో రుమేనియా దేశపు సిమోనా అమనార్ రెండున్నర మెలికలు తిరిగి దిగిన వాల్టునకు ఆమె పేరే పెట్టిరి. ఎవరు ఒక క్రొత్త విన్యాసమును మొదట పెద్ద పోటీలో చేసి చూపుదురో, అది వారి పేరుతో పిలువబడుట ఈ క్రీడలోని చక్కని ఆచారము.

రుమేనియా పేరు చెప్పగనే నాదియా కొమనేచి తలపునకు వచ్చును. 1976లో మాంట్రియల్ ఒలింపిక్సునందు 14 ఏండ్ల ఆ బాలిక కమ్మీలపై ఆడి దిగగనే న్యాయనిర్ణేతలు 10కి 10 ఇచ్చిరి. ఒలింపిక్సు జిమ్నాస్టిక్సులో అట్టి మార్కు అంతవరకెవరికిని రాలేదు. కనుక మార్కులు చూపు పలక 10.00 అని చూపుటకు వీలుగా తయారు కాలేదు. పలకపై 1.00 అని వెలిగెను. చూచినవారు క్షణకాలము తెల్లబోయి, పిమ్మట జయజయధ్వానములు చేసిరి. 2006 నుండి 10 మార్కుల హద్దు తొలగిపోయినది. నేడు విన్యాసము ఎంత కష్టమైనదో దానికి కొన్ని మార్కులు, ఎంత చక్కగా చేసిరో దానికి 10లో కొన్ని మార్కులు ఇచ్చి రెండింటిని కూడుదురు. దిగినపుడు పాదము కొంచెము జరిగినచో పదవవంతు మార్కు పోవును. పెద్ద అడుగు వేసినచో 0.30 పోవును, పడిపోయినచో నిండు మార్కు పోవును. గాలిలో ఎంత అద్భుతము చేసినను నేల దగ్గర లెక్క తేలునన్నమాట.

అరుణ 1995 డిసెంబరు 25న హైదరాబాదులో ఒక మధ్యతరగతి కుటుంబమున జన్మించెను. పసితనమున ఆమె నేర్చినది కరాటే. దానిలో ఆమె నల్లపట్టీ సంపాదించెను. కూతురి శరీరము విల్లువలె వంగుటను గమనించిన తండ్రి నారాయణరెడ్డి ఆమెను జిమ్నాస్టిక్సువైపు మరల్చెను. ఆడపిల్లకు ఈ గంతులెందుకని అడుగువారు ఆ దినములలో తక్కువ కాదు. ఈ క్రీడలో ఎముకలు లేతగా నున్నపుడే, అనగా అయిదారేండ్ల ప్రాయముననే, మొదలిడుట మేలు. ఎనిమిదవ తరగతిలో ప్రారంభించిన బాలికకు సమయము మించిపోయినట్లే. కావున పిల్ల కోరుకొనుటకు ముందే తండ్రి గుర్తింపవలసియుండెను. ఆయన గుర్తించెను.

లాల్ బహదూర్ స్టేడియమున ఆమె తర్ఫీదు సాగెను. ఉదయము, సాయంకాలము అదే పరుగు, అదే పలక, అదే బల్ల. ఒక్క వాల్టును పోటీలో ధైర్యముగా వేయుటకు ముందు దానిని ముక్కలుగా విడదీసి కొన్ని వేలసార్లు అభ్యసింపవలెను. మొదట మెత్తని నురుగుముక్కలు నింపిన గోతిలోనికి దూకుదురు. తరువాత దళసరి పరుపులపై, ఆ పిమ్మటనే పోటీలో వేయు పరుపుపై.

2008లో ఆమె శిక్షకుడు గిరిరాజు రోడ్డు ప్రమాదమున మరణించెను. 2010లో తండ్రియు గతించెను. అప్పటికామెకు పదునైదేండ్లు నిండలేదు. దారి చూపినవారిద్దరును రెండేండ్లలో లేకపోయిరి. అట్టి స్థితిలో ఆట మానినవారిని ఎవరును తప్పుపట్టరు. కుటుంబము ఆమెను మాననీయలేదు; శిక్షకుడు బ్రిజ్ కిశోర్ చేయి విడువలేదు. 2014లో ఆమె గ్లాస్గో కామన్వెల్తు క్రీడలకును, ఇంచియాన్ ఆసియా క్రీడలకును వెళ్ళెను. పతకము రాలేదు. 2017 ఆసియా పోటీలలో వాల్టునందు ఆరవ స్థానము వచ్చెను.

ఆ నడుమ 2016లో త్రిపుర బాలిక దీపా కర్మాకర్ రియో ఒలింపిక్సు వాల్టులో నాలుగవ స్థానమున నిలిచి, 0.150 తేడాతో కంచు పతకమును కోల్పోయెను. ఓడిన ఆ వాల్టు దేశమున అనేకులకు ఈ క్రీడ పేరు నేర్పినది. భారతీయ బాలికలు వాల్టులో లోకముతో సరితూగగలరని అప్పుడు తేలినది.

2018 ఫిబ్రవరి 24న ఆస్ట్రేలియాలోని మెల్బోర్న్ నగరమున ప్రపంచ కప్పు పోటీలలో వాల్టు అంతిమ ఘట్టము జరిగెను. అందు ప్రతి క్రీడాకారిణియు రెండు వేరువేరు వాల్టులు వేయవలెను. రెండింటి సగటే మార్కు. స్లొవేనియాకు చెందిన త్యాషా కిసెలెఫ్ 13.800తో బంగారు పతకమును, ఆస్ట్రేలియాకు చెందిన ఎమిలీ వైట్‌హెడ్ 13.699తో వెండి పతకమును గెలిచిరి. అరుణకు 13.649 వచ్చి కంచు పతకము లభించెను. జిమ్నాస్టిక్సు ప్రపంచ కప్పులో వ్యక్తిగత పతకము పొందిన మొదటి భారతీయురాలు ఆమెయే. ఆ పతకమును ఆమె తండ్రికి అంకితము చేసెను.

ఈ మార్కులను ప్రొద్దుటూరి బంగారు అంగళ్ళవారు తూచినంత సూక్ష్మముగ చూడవలెను. వెండికిని కంచుకును తేడా 0.050. ఒక వాల్టులో చిన్న అడుగొకటి తగ్గినచో ఆ వాల్టునకు 0.10 కలియును, సగటున అది సరిగా 0.050 అగును. అనగా రెండు వాల్టులలో ఒక్కదానియందు పాదము ఒక్కసారి కదలకుండ నిలిచియుండినచో అరుణ మార్కు 13.699 అయి వెండి పతకపు మార్కుతో సమానమై యుండెడిది. గురిగింజ యెత్తు తేడా యన్న ఇదే.

ఒక విషయము దాచరాదు. ప్రపంచ కప్పు అనునది ఒకే మహాపోటీ కాదు. ఏటా పలు నగరములలో జరుగు పోటీల వరుస. అన్నింటికిని అందరు మేటివారును రారు. ఒలింపిక్సు పతకముతో దీనిని సమానముగ ఎంచుట తగదు. కాని భారతదేశమునుండి అప్పటివరకెవరును చేరని మెట్టుపై ఆమె నిలిచెనన్నది దీనివలన తగ్గిపోదు. ఆ యేడే జకార్తా ఆసియా క్రీడలలో వాల్టు అంతిమ ఘట్టమునకు చేరి ఏడవదిగా నిలిచెను.

తరువాత మోకాలు మొరాయించినది. వాల్టునుండి దిగునపుడు శరీరపు బరువునకు అనేక రెట్ల భారము ఒక్క రెప్పపాటున కాళ్ళపై పడును. తొడయెముకను పిక్కయెముకతో బంధించు లిగమెంటు ఆ భారమును ఓర్చుకొనవలెను. అరుణకు అది దెబ్బతిని 2019లో శస్త్రచికిత్స జరిగెను. ఇట్టి శస్త్రచికిత్స పిమ్మట పసిబిడ్డవలె నడక మొదలుకొని నేర్వవలసియుండును. నడక, మెల్లని పరుగు, చిన్న గెంతు, అటుపైన మొగ్గ. ఎముకకంటె మనస్సు ఆలస్యముగా కోలుకొనును. దెబ్బ తగిలిన కాలిపై మరల పైనుండి దిగుటకు అది ఒప్పుకొనదు. అంతలో 2020లో కరోనా వచ్చి క్రీడాశాలలు మూతపడెను. 2021లో జరిగిన టోక్యో ఒలింపిక్సు జిమ్నాస్టిక్సునకు భారతదేశమునుండి వెళ్ళినది ప్రణతి నాయక్ ఒక్కతెయే. మెల్బోర్నులో ఆమె అరుణ వెనుక ఆరవ స్థానమున నిలిచిన క్రీడాకారిణి. అరుణ టోక్యోకు వెళ్ళలేదు.

2021 డిసెంబరులో ఈజిప్టు రాజధాని కైరో నగరమున ఫారో కప్పు అను పోటీలు జరిగెను. రెండేండ్ల విరామము పిమ్మట అరుణ అందు పాల్గొని వాల్టులో బంగారు పతకమును గెలిచెను. అంతటితో ఆగక ఫ్లోరునందును బంగారు పతకమును గెలిచెను. మెల్బోర్ను పతకమంత పేరు దీనికి రాలేదు గాని, మోకాలి లెక్కలో చూచినచో ఫ్లోరు పతకమే పెద్దది. వాల్టులో ఒక్కసారి దిగినచో పని తీరును. ఫ్లోరుపై 90 సెకనుల లోపల పరుగెత్తి, మొగ్గ వేసి, దిగి, ఊపిరి తిప్పుకొనకముందే మరల పరుగెత్తి ఎగురవలెను. దిగిన ప్రతిసారియు ఆ కాలు ఆమెను నిలిపినది.