పండ్లు తిను గబ్బిలములు: వాని ప్రజాతులను గుర్తించు విధము

సేద్యకాండ్రకును తోటదారులకును తెలియజేయునదేమనగా:

జామ, మామిడి, సపోట, ద్రాక్ష తోటలు గలవారు పండు పక్వమునకు వచ్చు దినములలో తెల్లవారుజామున చెట్లక్రింద కొరికి విడిచిన పండ్లను, నమిలి ఉమిసిన పిప్పిని చూచి, సమీపమున పాడుబావిలోనో పాతగోడల నడుమనో వ్రేలాడు గబ్బిలములకు పొగ పెట్టుట కలదు. ఇట్లు చేయుటచే తరచుగా తప్పు చేయనివి చచ్చును. తప్పు చేసినవి మరునాటి రాత్రి మరల వచ్చును. ఏలయనగా బావిలోనివి పురుగులను తినునవి కావచ్చును. అవి పైరునకు మిత్రములు. కావున ఏది యేదియో గుర్తెరిగిన పిమ్మటనే ఉపాయమునకు పూనుకొనవలెను.

హైదరాబాదునకు పడమటనున్న మాదాపూరు, కొండాపూరు, గచ్చిబౌలి పూర్వము గ్రామములు. 1998 నవంబరు 22వ తేదీన సైబర్ టవర్స్ ప్రారంభమైన పిమ్మట అచ్చట హైటెక్ సిటీ పెరిగి, పొలములున్న చోట అంతస్తుల మేడలు లేచినవి. అయినను బాటల ప్రక్కను ఆవరణములలోను తాళవృక్షములు, మఱ్ఱులు, జనులు అశోకమని పిలుచు నిటారు చెట్లు కలవు. ఇట్టి చెట్లు గబ్బిలములకు పగటి నివాసములు. పెద్ద గబ్బిలము ఒక్క రాత్రిలో అనేక క్రోసులు పోగలదు. కనుక శంకరపల్లి, మొయినాబాదు, చేవెళ్ల ప్రాంతపు తోటదారులు తమ తోటలో గబ్బిలముల చెట్టు లేదని నిశ్చింతగా నుండరాదు.

ప్రజాతి యనగా నేమి?

నిమ్మ, నారింజ, బత్తాయి, దబ్బ వేర్వేరు ఫలములైనను వాని ఆకు, పూవు, తొన లొక్క తీరున నుండును. అందుచే శాస్త్రజ్ఞులు వాని నన్నిటిని ఒక్క ప్రజాతిలో చేర్చిరి. గబ్బిలముల విషయమునను ఇట్లే. 1758లో లిన్నేయస్ పండితుడు గబ్బిలములను మనుష్యులు, కోతులు గల వర్గములోనే యుంచెను! తరువాతివారు వానిని వేరు వర్గము చేసి, పండ్లు తినునవి పెద్దవనియు పురుగులు తినునవి చిన్నవనియు రెండుగా విభజించిరి. 2000 ప్రాంతమున జన్యుపదార్థమును పరీక్షింపగా, పురుగులు తిను గుఱ్ఱపులాడపు ముక్కు గబ్బిలములు పండ్లు తినువానికే దగ్గర చుట్టములని తేలినది. కాబట్టి చుట్టరికమును బట్టి ఆహారమును నిర్ణయింపరాదు. ఒక్కొక్క ప్రజాతి గుర్తులను చూడవలెను.

మన ప్రాంతపు మూడు ప్రజాతులు

1. సైనోప్టెరస్. గ్రీకు భాషలో కుక్క, రెక్క అను అర్థములు గల మాటలచే ఏర్పడిన పేరు. మూతి పొట్టి, నాసికారంధ్రములు ముందునకు పొడుచుకొనియుండును. చెవుల అంచు తెల్లన, దంతములు 30, తోక మిక్కిలి చిన్నది. ఈ ప్రజాతిలో ఏడు జాతులను లెక్కింతురు. మన మైదానములలో సాధారణమైనది సైనోప్టెరస్ స్ఫింక్స్. దీనిని 1797లో వాల్ అను పండితుడు తమిళదేశపు తరంగంబాడినుండి దొరికిన దానినిబట్టి వర్ణించెను. సుమారొక కోడిగ్రుడ్డంత బరువు. మగది తాటియాకు క్రిందనో అశోకపు కొమ్మలలోనో ఆకులు, ఈనెలు కొరికి గుడారము చేసికొని, అందు ఆడువానితో నివసించును. పండును నోట కరచుకొని వేరొక చెట్టునకు పోయి తినును.

2. రౌసెట్టస్. చీకటి గుహలు, పాడుబావులు, శిథిల భవనములు దీని నివాసము. నాలుకతో టక్కుటక్కుమని శబ్దము చేసి, దాని ప్రతిధ్వనినిబట్టి చీకటిలో త్రోవ తెలిసికొనును. దంతములు 34.

3. టెరోపస్. మిక్కిలి పెద్దది, రెక్కలు చాచిన సుమారు 4 అడుగులుండును. తోక లేదు. మఱ్ఱి, చింత, రావి వంటి పెద్ద చెట్లపై వందలుగా పగటి వెలుతురుననే వ్రేలాడును.

ఈ మూడింటికిని కన్నులు పెద్దవి. బొటనవ్రేలితో పాటు రెండవ వ్రేలికిని గోరుండును. పురుగులు తినువానికి బొటనవ్రేలికి మాత్రమే గోరుండును. కాని గబ్బిలమును వట్టిచేతితో పట్టుకొని చూడరాదు. నివాసము క్రింది నేలను చూచిన చాలును: ఎండిన రెట్టను పుల్లతో చిదిపినప్పుడు పొడియై పురుగుల రెక్కల తునకలు మెఱసిన, అది పైరునకు మిత్రము. తడి పిప్పి, విత్తనములు కనబడిన, అది పండ్లు తినునది.

పండ్లు తినునదియు కేవలము శత్రువు కాదు. ఇప్ప పూవులలో పరాగమును చేరవేయును. మఱ్ఱి, రావి, మేడి విత్తనములను దూరముగా చల్లును. 1972 సంవత్సరపు వన్యప్రాణి సంరక్షణ చట్టము క్రింద వీనిని చాలకాలము కాకులు, ఎలుకలతో కలిపి హానికర జంతువుల పట్టీయం దుంచిరి. 2022 సవరణచే, 2023 ఏప్రిలు 1వ తేదీనుండి ఆ పట్టీ తొలగినది.

చేయవలసిన పనులు

మామిడిని ముదురగనే కోసి గడ్డిలో మాగవేయవలెను. జామను రంగు తిరుగగనే ప్రతిదినము కోయవలెను. గెలలకు, గుత్తులకు సంచులు తొడుగవలెను. వల వేయువారు సన్నకన్నుల గట్టి వలను చట్రముపై బిగువుగా కట్టవలెను. వదులు వలలో గబ్బిలములు, పక్షులు చిక్కుకొని చచ్చును. నివాసవృక్షములను నరుకుటవలన ప్రయోజనము లేదు. అవి వేరొకచోట చేరి, ఆకలిగొని తోటకే వచ్చును.

ముఖ్య హెచ్చరిక: టెరోపస్ గబ్బిలములు నిపా వైరసునకు ఆశ్రయములు. 2018లో కేరళమందలి కోజికోడు ప్రాంతమున ఆ వ్యాధిచే జనులు మరణించిరి. బంగ్లాదేశమున గబ్బిలములు మూతిపెట్టిన ఖర్జూరపు రసమును పచ్చిగా త్రాగుటచే వ్యాధి సోకినట్లు తేలి, కుండలను వెదురు తడికలతో కప్పుట నేర్పిరి. కావున మన గీతకార్మికులును తాటి, ఈత లొట్లను కప్పి యుంచవలెను. కొరికిన పండు ఎంత తీపిదైనను బిడ్డలకు పెట్టరాదు, సంతకును పంపరాదు.

రాత్రి నష్టము కనబడిన రైతు ముందుగా నేలను చూచి, పిదప చెట్టును చూచి, అటుపిమ్మట తన మండలపు ఉద్యానాధికారిని సంప్రదించవలెను. పొగ పెట్టుట సుకరమే. కాని పురుగులను తిను మిత్రుని చంపుకొన్న నష్టము మరుసటి పంటలోనే కనబడును.