సాగదీసి త్రిప్పు సంఖ్య



పొలములు కొలిచి వ్రాసిన గ్రామపటమును మీరందఱును చూచియుందురు. పటములో పొలము చిన్నదగును. కాగితమును ప్రక్కకు త్రిప్పినచో దిక్కు మాఱును. అయినను గట్టునకు గట్టునకు నడుమనున్న మూల చెడదు. ఈ సంగతి మనసున నుంచుకొనిన నేటి విషయము సుగమము.

ఋణసంఖ్యకు వర్గమూలము లేదని తొమ్మిదవ శతాబ్దమున మహావీరాచార్యుడు చెప్పెను. ఆయన గణితసారసంగ్రహమును తెలుగు చేసినవాడు మన పావులూరి మల్లన. ఆ మాటయే పట్టుకొని నేను బడిలో, అది ఏల లేదని ప్రశ్నించిన బాలుని గద్దించి కూర్చుండబెట్టితిని. ఆ తప్పు నాది. నార్వేలో పుట్టి డెన్మార్కున భూములు కొలిచిన కాస్పర్ వెస్సెల్, 1797లో అచటి విద్వత్పరిషత్తునకు సమర్పించిన వ్యాసమున, ఆ లేనిదానికి నేలపైననే చోటు చూపెను.

తూర్పునకు ఒక అడుగు ఒకటి. పడమటికి ఒక అడుగు ఋణము ఒకటి. ఉత్తరపుటడుగును 'ఐ' అందము. 'ఐ'చే గుణించుట యనగా ఎడమకు పాతిక చుట్టు తిరుగుట. తూర్పు ముఖముగా నిలిచి రెండుమారు లట్లు తిరిగిన పడమర వచ్చును. కనుక 'ఐ' వర్గము ఋణము ఒకటి. తూర్పును ఉత్తరమును కలిసిన సంఖ్య సంకీర్ణసంఖ్య. దానిచే గుణించిన సాగుటయు తిరుగుటయు ఒక్కమారే జరుగును.

ఇక ప్రతి సంఖ్యను దాని వర్గమునకు పంపు ప్రమేయమును జూతము. పొలిమేర రాయి సున్న. నూరు గజములు ఒకటి. రాయికి తూర్పుగా నూరు, ఉత్తరముగా నూరు గజములు పోయిన చోటు, వర్గము చేయగా, రాయికి నేరుగా ఉత్తరమున ఇన్నూరు గజముల చోటికి పోవును. మొదటి చోటినుండి తూర్పునకు ఒక్క గజము జరుగుడు. ఫలము తూర్పునకు 2.01, ఉత్తరమునకు 2 గజములు జరుగును. అనగా అడుగు ఇంచుమించు 2.83 రెట్లు సాగి, 45 డిగ్రీలు ఎడమకు తిరిగినది. ఉత్తరమునకు గజము జరిగిన ఫలము వాయవ్యమునకు అంతే సాగును. లంబకోణము నిలిచినది. అడుగు చిన్నదైనకొలది లెక్క మఱింత సరిపోవును.

ఏ దిక్కున అడుగు వేసినను ఇదే సాగు, ఇదే మలుపు. ఈ రెంటిని ఒక్కటిగా జెప్పు సంఖ్యయే ఆ చోటి అవకలజము. ఇక్కడ అది తూర్పు రెండు, ఉత్తరము రెండు. చోటు మాఱిన అదియు మాఱును. రాయి యొద్ద మాత్రము అది సున్న. అచట తూర్పు తూర్పుగనే యుండి ఉత్తరము పడమర యగును, మూల రెట్టింపగును.

మీ మనుమడు లేనిదానిని గూర్చి అడిగినచో గద్దింపకుడు. నేలపై రెండు గీతలు గీసి ఈ మలుపు చూపుడు. సెలవు.