గాలివాన రాత్రి... నేనూ కత్తి పట్టాను!

2023 డిసెంబరు 4. మిచౌంగ్ తుపాను మా తీరాన్ని రాసుకుంటూ పైకి పోతోందని టీవీలో చెబుతున్నారు. చెబుతుండగానే కరెంటు పోయింది. మాది నెల్లూరు నుంచి మైపాడు బీచికి వెళ్లే దారిలో ఓ చిన్న ఊరు. మామూలు రోజుల్లోనే సముద్రం హోరు పెరట్లోకి వినబడుతుంది. ఆ రాత్రి గుమ్మంలోనే ఉన్నట్టుంది.

మావారు రొయ్యల గుంటల దగ్గరే ఉండిపోయారు. కరెంటు లేకపోతే ఏరేటర్లు ఆగిపోతాయి. ఏరేటర్లు ఆగితే నీళ్లలో గాలి తగ్గి, తెల్లారేసరికి రొయ్యలన్నీ తేలిపోతాయి. అందుకని జనరేటరు పక్కన డీజిలు డబ్బాతో కాపలా. ఇంట్లో నేను, మా అత్తగారు, ఎనిమిదో తరగతి చదివే మావాడు. ఫోను సిగ్నలు లేదు. అత్తగారు కొవ్వొత్తి ముందు కూర్చుని కావలి తుపాను కథ మొదలుపెట్టారు.

అది నాకూ తెలుసు. 1989 నవంబరులో కావలి దగ్గర తీరం దాటిన ఆ తుపాను నాటికి నాకు పదేళ్లు. ఆ రాత్రంతా మా అవ్వ నాకు భయం తెలియకుండా చింతగింజలతో వామనగుంటలు ఆడించింది. పెంకులు ఎగిరిపోతున్నా "నీ ఆటేమ్మే, గింజలు పంచు" అంటూనే ఉంది. ఇప్పుడు తలుచుకుంటే నవ్వొస్తుంది. జపాన్‌లో నింటెండో కంపెనీ గేమ్‌బాయ్ అనే చేతి ఆటపెట్టెను అమ్మకానికి పెట్టిందీ ఆ 1989లోనేనట. నాకు చింతగింజలు, వాళ్లకు గేమ్‌బాయ్!

బియ్యం డ్రమ్ములో దాచిన ఆట

ఆ గేమ్‌బాయ్ మనవడులాంటిదే మా ఇంట్లోనూ ఒకటుంది. పేరు స్విచ్. డల్లాస్‌లో ఉండే మా తమ్ముడు వేసవిలో వచ్చినప్పుడు పిల్లలిద్దరికీ కలిపి తెచ్చాడు. అరచేతుల్లో పట్టేంత తెర, అటూ ఇటూ మీటలు. దాంట్లో 'డీమన్ స్లేయర్' అనే జపాన్ బొమ్మల కథతో చేసిన కత్తియుద్ధాల ఆట.

మే నెలంతా అక్కాతమ్ముళ్లు దానికే అతుక్కుపోయారు. జూన్‌లో అమ్మాయిని నెల్లూరులో ఇంటర్ హాస్టల్లో చేర్చాం. ఆదివారం పది నిమిషాలు ఫోను, పండగలకు ఇల్లు. అక్కడి పద్ధతి అంతే. అందరూ చేర్చారు, మేమూ చేర్చాం.

అప్పట్నుంచి మావాడు మాట్లాడటం తగ్గించాడు. బడి నుంచి రావడం, మూలకూర్చోవడం, ఆడిన ఆటే మళ్లీ మళ్లీ ఆడటం. అన్నానికి పిలిస్తే "ఊఁ" అనేవాడు. దసరా తర్వాత మార్కులు తగ్గేసరికి నాకు ఒళ్లు మండింది. ఆటపెట్టె లాక్కుని, గుడ్డలో చుట్టి, బియ్యం డ్రమ్ములో దాచేశాను. వాడు ఏడవలేదు, అడగలేదు. ఆ అడక్కపోవడమే నన్ను ఎక్కువ బాధపెట్టింది.

తుపాను రాత్రి, గాలికి కిటికీ రెక్క ఊడి పడ్డప్పుడు, వాడు వచ్చి నా కొంగు పట్టుకున్నాడు. పదమూడేళ్ల మగపిల్లాడు! నాకు మా అవ్వ గుర్తొచ్చింది. లేచి వెళ్లి బియ్యంలో చెయ్యి పెట్టాను. ఛార్జి సగం ఉంది.

"నాకు నేర్పుతావా?" అన్నాను. వాడు నమ్మలేనట్టు చూశాడు. "నీకు రాదు మా" అన్నాడు. "రాకపోతే ఓడిపోతాలే, పెట్టు" అన్నాను.

బండ ముందు ఓడిపోయాను

మొదటి ఘట్టం మంచుకొండ మీద. పెద్ద బండ, దాని ముందు నక్క ముసుగు వేసుకున్న కుర్రాడు. వాణ్ణి గెలవాలి. ఒక మీట కత్తి దూయడానికి, ఒకటి గెంతడానికి, ఇంకోటి దెబ్బ కాచుకోవడానికి. నేను అన్నీ కలిపి నొక్కేశాను. పది సెకన్లలో నా వీరుడు బొక్కబోర్లా పడ్డాడు. అత్తగారు కొవ్వొత్తి పక్కన పెట్టి "ఏందే, పడిపోయినావా?" అన్నారు. మావాడు నవ్వాడు. ఎన్నాళ్లకో!

"ఊరికే కొట్టబాక మా. ముందు కాచుకో. వాడు కొట్టి అలిసినప్పుడు నువ్వు కొట్టు" అని నా బొటనవేళ్లు పట్టుకుని నేర్పాడు. నాలుగోసారికి కాచుకోవడం వచ్చింది. ఆరోసారికి గెలిచాను. చివర్లో తెరమీద ఒక గుర్తు వస్తే సరిగ్గా ఆ క్షణంలో ఆ మీటే నొక్కాలి. దోసె తిరగేసే అదను తెలిసిన చెయ్యికి అదేమంత కష్టం కాదు!

ఆడుతుంటే కథ అడిగాను. వాడు చెప్పాడు. తంజిరో అనే కుర్రాడు బొగ్గులమ్ముకుంటూ తల్లినీ తోబుట్టువులనూ పోషిస్తుంటాడు. తండ్రి లేడు. ఒక రాత్రి ఊళ్లో ఉండిపోయి ఇంటికొచ్చేసరికి రాక్షసుడు అందర్నీ చంపేసి ఉంటాడు. బతికిన ఒక్క చెల్లెలు నెజుకో కూడా రాక్షసిగా మారిపోతుంది. మనుషుల్ని కరవకుండా నోట్లో వెదురు బద్ద పెడతారు. ఎండ సోకితే చచ్చిపోతుంది కాబట్టి పగలంతా చెక్కపెట్టెలో పెట్టి వీపున మోస్తాడు అన్న. ఆమెను మళ్లీ మనిషిని చెయ్యాలన్నదే వాడి పట్టుదల.

ఈ కథను కొయొహరు గొతోగె 2016 నుంచి 2020 దాకా ఒక జపాన్ వారపత్రికలో బొమ్మలతో రాశారు. ముఖం ఎవరికీ చూపించరు. తన బొమ్మ గీయాల్సి వస్తే కళ్లజోడు పెట్టుకున్న మొసలిని గీస్తారు! 2019లో టీవీకి ఎక్కింది, 2021లో ఈ ఆటగా వచ్చింది, మరుసటేడు స్విచ్‌లోకి దిగింది.

"తర్వాత ఘట్టం పెట్టు" అన్నాను ఉత్సాహంగా. వాడు పెట్టలేదు.

"సాలీళ్ల కొండ దాకే ఆడతా. ఆ తర్వాత వద్దు."

"ఏం, కష్టమా?"

"కాదు. అక్క, నేను కలిసి అక్కడిదాకా వచ్చాం. అక్క వచ్చినాక ఆడదామని ఆపినా."

జూన్ నుంచి వాడు ముందుకు పోకుండా వెనకటి ఘట్టాలే తిప్పి తిప్పి ఆడాడు. నేను దానికి వ్యసనమని పేరు పెట్టి బియ్యంలో పాతేశాను.

దారాలతో కట్టిన కుటుంబం

సాలీళ్ల కొండ మీద ఏముందని అడిగాను. అక్కడ రుయి అనే రాక్షసపిల్లాడున్నాడట. తనకు కుటుంబం కావాలని కొందరు రాక్షసుల్ని పోగేసి ఒకరిని అమ్మ, ఒకరిని నాన్న, ఇంకొకరిని అక్క అని పేర్లు పెట్టాడు. చెప్పినట్టు వినకపోతే హింసిస్తాడు. వాడి ఆయుధం దారాలు. 'అమ్మ' వేషం కట్టిన ఆమె ఆ భయంతో విసిగిపోయి, తంజిరో కత్తికి తనే మెడ అప్పగిస్తుంది. అప్పుడు తంజిరో నొప్పి తెలియని దెబ్బ వేస్తాడు. ఎండిన నేల మీద కురిసే చల్లని వాన అని దానికి పేరట.

"భయపెడితే ఫ్యామిలీ అవదు కద మా?" అన్నాడు మావాడు, మామూలుగానే.

బయట వాన కొడుతోంది. నా దగ్గర జవాబు లేదు. ఒక పిల్లను హాస్టల్లో, ఒక పిల్లాడి నోటిని మౌనంలో పెట్టి, దారాల కొసలు నా చేతిలో పట్టుకు కూర్చున్నానా అనిపించింది.

తెల్లారి మావారు బురదకాళ్లతో వచ్చారు. రొయ్యలు బతికాయి. తుపాను ఆ రోజు, డిసెంబరు 5న, బాపట్ల దగ్గర తీరం దాటింది. ఫోన్లు వచ్చాక ఆదివారం అమ్మాయితో మాట్లాడుతూ తమ్ముడు ఆట ఆపిన సంగతి చెప్పాను. అటువైపు చాలాసేపు మాట లేదు. తర్వాత "నాక్కూడా ఇక్కడ ఉండబుద్ధి కావట్లేదమ్మా" అంది. ఆరు నెలల్లో ఆ మాట మొదటిసారి అంది. అంతకుముందు మేం అడిగిందీ లేదు, మార్కులు తప్ప.

సంక్రాంతి సెలవుల్లో ఇద్దరూ కలిసి రుయిని ఓడించారు. రెండో ఏడు అమ్మాయిని హాస్టల్ మాన్పించి, బస్సులో పోయొచ్చే కాలేజీలో వేశాం. "బంగారంలాంటి సీటు వదిలేస్తారా" అని చుట్టాలు దెప్పారు. ర్యాంకు రాలేదు నిజమే. పాసైంది, డిగ్రీ చదువుతోంది, ఇంట్లో నవ్వుతోంది.

లాక్కునే ముందు...

ఆటలన్నీ మంచివని నేననను. ఆట మీద అదుపు తప్పి చదువు, నిద్ర, మనుషులు అన్నీ వెనక్కి పోయే స్థితిని ప్రపంచ ఆరోగ్య సంస్థ తన రోగాల జాబితాలో చేర్చింది. అది 2022 నుంచి అమల్లో ఉంది. అయితే కొద్దిరోజుల ముచ్చటకే ఆ పేరు పెట్టకూడదనీ, మామూలుగా ఏడాదిపాటు ఆ తీరు కనబడాలనీ వాళ్లే చెప్పారు. డబ్బు పందేల ఆన్‌లైన్ ఆటలు వేరే సంగతి. వాటిని మన పార్లమెంటు 2025 ఆగస్టులో చట్టం చేసి నిషేధించింది.

మీ ఇంట్లోనూ ఇలాంటి పెట్టె ఉంటే పెట్టె మీద వయసు గుర్తు చూడండి. మావాడి ఆటకు అమెరికాలో టీనేజి పిల్లలకని గుర్తుంది, చిన్నపిల్లలకు కాదు. స్విచ్‌కు తల్లిదండ్రుల కోసం ఉచిత యాప్ ఉంది. రోజుకు ఎంతసేపు ఆడొచ్చో, రాత్రి ఎన్నింటికి ఆపాలో మన ఫోన్లోనే పెట్టొచ్చు. మేం బడి రోజుల్లో ముప్పావు గంట పెట్టాం, మావాడితో మాట్లాడి పెట్టాం. అన్నిటికంటే ముందు మాత్రం ఒక్కసారి పక్కన కూర్చుని ఆడండి. ఓడిపోండి. వాళ్లు ఏం ఆడుతున్నారో కాదు, ఎందుకు ఆడుతున్నారో అప్పుడే తెలుస్తుంది.

2025 సెప్టెంబరులో ఇదే కథ సినిమాగా వచ్చింది. తెలుగు మాటలతోనూ విడుదలైంది. పిల్లలిద్దరితో కలిసి వెళ్లాను. పక్క సీటు కుర్రాళ్లు "ఆంటీకి కథ తెలుసా?" అన్నట్టు చూశారు.

తెలుసు నాయనా. బండ ముందు ఐదుసార్లు ఓడిపోయినదాన్ని!